ఏడున్నర సీరియల్‌ని ఒంటిగంటకి మార్చినవాళ్లు

ఒక టీవీ సీరియల్‌ని ముగించకుండా ఆపేసిన ఛానెల్ వాళ్ల మీద నాకు ఇన్నేళ్లయినా కోపం తగ్గలేదు. ఈ మాట పైకి అంటే నవ్వుతారు. మా ఆయనైతే, "ఇంకా అదేనా?" అంటారు. తోటంతా పూత మీదుండగా తేనెమంచు పురుగు పట్టిన ఏడాది గురించి ఆయన ఇప్పటికీ పళ్లు కొరుకుతూ చెప్తారు. అప్పుడు ఎవరూ నవ్వరు, పైగా తలలూపుతారు. నాది మాత్రం పనిలేనివాళ్ల కోపమట. పనంతా అయ్యాక రోజుకి ఒక్క అరగంట దొరికేది మాకు. దాన్ని లాక్కున్నందుకే ఈ కోపం. ఎలా లాక్కున్నారో మొదట్నుంచీ చెప్తాను.

మేం ఉండేది నూజివీడు నుంచి ముసునూరు వెళ్లే దారిలో కాస్త లోపలికి ఉన్న ఊరు. ఇంటి పెరడు దాటితే మా మామిడి తోటే. ఎక్కువ చిన్నరసాలు, ఓ పక్కన బంగినపల్లి. నేను కాపరానికి వచ్చేటప్పటికే హాల్లో టీవీ ఉంది. కానీ అది మావయ్యగారిది. వార్తలు, వాతావరణం, మళ్లీ వార్తలు. ఏడు దాటాక ఆయన సొసైటీ ఆఫీసు అరుగు మీదికి కబుర్లకి వెళ్లేవారు. అప్పుడు రిమోట్ మా అత్తయ్య చేతికి వచ్చేది. ఏడున్నరకి ఆవిడ సీరియల్.

ఆ సీరియల్‌లో ముగ్గురు మగవాళ్లు, ఒక మేడ మీద వాటా. తాత బస్సు కండక్టరుగా చేసి రిటైరయ్యాడు. కొడుకుకి ఫోటో స్టూడియో ఉంది. అందరి చేతుల్లోకీ కెమెరా ఫోన్లు వచ్చేశాక, సీనరీ తెర ముందు ఉన్న స్టూలు మీద తనే కూర్చుని పేపరు చదువుకునేవాడు. మనవడు ఎప్పుడూ ఏదో ఒక పరీక్షకి చదువుతూ ఉండేవాడు. ఇంట్లో ఆడమనిషి లేదు. తాత భార్య చనిపోయింది, కొడుకు భార్య విసిగిపోయి పుట్టింటికి వెళ్లిపోయింది. తాతకి కండక్టరు బుద్ధి పోలేదు. వంటింట్లో మనవడు అడ్డం నిలబడితే "ముందుకి జరగండి, ముందుకి జరగండి" అనేవాడు. ఎవరైనా అబద్ధం చెప్తున్నారనిపిస్తే "టిక్కెట్ చూపించు" అనేవాడు. ఎదురు వాటాలో రిటైరైన నర్సు ఒకావిడ ఉండేది. అంతే సీరియల్. అందులో పగలు లేవు, విషాలు లేవు, మెట్ల మీంచి ఒకళ్లనొకళ్లు తోసుకోవడాలు లేవు. ఉప్మా ఎవరు మాడ్చారు, ఇప్పుడు దాన్ని ఎవరు తినాలి అన్నదాని మీద ఒక రోజు గడిచిపోయేది.

మా అత్తయ్య పుట్టింది బాపులపాడు వైపు వరి పొలాల ఊళ్లో. మాట తక్కువ మనిషి. నవ్వొస్తే కొంగు నోటికి అడ్డం పెట్టుకునేవారు. ఏడున్నర నుంచి ఎనిమిదింటి వరకు మాత్రం ఆ కొంగు ఒళ్లోనే ఉండిపోయేది. మగవాళ్లు ముగ్గురూ గరిటె ఎక్కడుందో తెలియక వెతుక్కుంటుంటే ఆవిడ నవ్విన నవ్వు నేను ఆ ఇంట్లో మరి దేనికీ వినలేదు.

ఇక మేస్త్రి గురించి చెప్పాలి. మా తోటలో పనిచేసే ఆడకూలీల ముఠాకి ఆవిడ పెద్ద. కలుపు తీయడం, కొమ్మలు ఏరడం, కోతలప్పుడు కాయల్ని సైజుల వారీగా వేరుచేయడం, అన్నీ ఆవిడ చెప్పినట్టు జరిగేవి. ఊళ్లో అందరూ మేస్త్రి అనే పిలిచేవారు. అత్తయ్య వయసే ఉంటుంది. మర్నాటికి ఎంతమంది కావాలో కనుక్కోవడానికి రోజూ చీకటి పడే వేళకి మా ఇంటికి వచ్చేది.

"అమ్మగారూ, రేపు ఎంతమందిని తీసుకురమ్మంటారండీ?"

"ఉండవే. ముసలాయన సంగతి తేలనీ."

అలా వరండా గ్రిల్లు పట్టుకుని నిలబడి, ముసలాయన సంగతి తేలేదాకా ఆవిడా చూసేది. కొన్నాళ్లకి లోపల మేం నవ్వే నవ్వుకన్నా బయట ఆవిడ నవ్వే ఎక్కువ వినిపించడం మొదలైంది. ఒకరోజు అత్తయ్య, "లోపలికి రా. అక్కడ నిలబడి నవ్వుతుంటే దారినపోయేవాళ్లు ఏమనుకుంటారు?" అన్నారు. వచ్చి గుమ్మం పక్కన కింద కూర్చుంది. అదే ఆవిడ చోటయింది, ఏళ్ల తరబడి. మేం దివాన్ మీద, ఆవిడ గచ్చు మీద. ఆవిడకి టీ ఇచ్చే గ్లాసు వరండా కిటికీలో విడిగా ఉండేది. కాపరానికి వచ్చిన కొత్తలో అత్తయ్య దాన్ని నాకు చూపించారు. ఎందుకు విడిగా అని నేను అడగలేదు. ఛానెల్ వాళ్లని తిట్టే నోటితో ఈ సంగతి కూడా చెప్పకపోతే నేను రాసేది సగం అబద్ధమవుతుంది.

మర్నాడు తోటలో మేస్త్రి ముందురోజు సీరియల్ మొత్తం చెప్పేది. తాత గొంతు, కొడుకు గొంతు, నర్సు గొంతు వేరువేరుగా. ఒకసారి నేను క్యారేజీ ఇవ్వడానికి వెళ్లి చెట్టు వెనక నిలబడి విన్నాను. టీవీలో వచ్చినదానికన్నా బాగుంది. ముఠాలో సగంమంది ఆ తాత మొహం ఎప్పుడూ చూడలేదు. కానీ ఎవరైనా పనికి ఆలస్యంగా వస్తే "టిక్కెట్ చూపించు" అనుకునేవారు.

మొదటి దెబ్బ, ఛానెల్ కనిపించకుండా పోవడం. ఒక సాయంత్రం ఏడున్నరకి పెడితే నీలం తెర, దాని మీద ఇంగ్లీషులో ఏదో రాసి ఉంది. కేబుల్ అతన్ని అడిగితే, ఆ ఛానెల్ ఇప్పుడు వేరే ప్యాకేజీలోకి వెళ్లిందండీ అన్నాడు.

"వెళ్లడం ఏంటి?" అన్నారు అత్తయ్య. "నిన్నటిదాకా ఇక్కడే ఉంది కదా. ఎవరిని అడిగి వెళ్లింది?"

ఎవరినీ అడగలేదు. మావయ్యగారికి కావాల్సిన వార్తలు వస్తూనే ఉన్నాయి కాబట్టి ఆయన దాన్ని ఒక సమస్యగా ఒప్పుకోలేదు. మా ఆయన రేపు మాపు అంటూ రెండు వారాలు గడిపారు. ఆ రెండు వారాలు కథ ఎదురు దారిన వచ్చింది. మేస్త్రి వాళ్ల కాలనీలో ఒకరింటికి డిష్ ఉంది. ఆవిడ అక్కడ చూసి, పరుగున వచ్చి, మా అత్తయ్యకి చెప్పేది. అత్తయ్య వరండా మెట్టు మీదికి వచ్చి కూర్చుని వినేవారు. టీవీ ఉన్న ఇంటావిడ, లేని ఇంటావిడ నోటి వెంట వింటోందని మా ఆయనకి చిన్నతనంగా అనిపించిందేమో, మూడోవారం ప్యాకేజీ మార్పించారు.

రెండో దెబ్బ, కొడుకు వేషం వేసే నటుడు మారిపోవడం. శుక్రవారం ఒకతను స్టూడియోకి తాళం వేశాడు, సోమవారం ఇంకొకతను తాళం తీశాడు. కింద సన్నటి అక్షరాల్లో, ఇకనుంచి ఈ పాత్రలో ఫలానావారు అని ఒక్క క్షణం వేశారు. పాతతను ఏమయ్యాడు, ఒంట్లో బాగాలేదా, గొడవపడ్డాడా, ఒక్క ముక్క లేదు. తాత మాత్రం కొత్తతన్ని చూసి ఏమీ జరగనట్టు "ఒరే, పాలు తెచ్చావా?" అన్నాడు.

మేస్త్రి ఆ రోజు నవ్వలేదు. "ఆ పిల్లాడి మొహం చూడండమ్మగారూ," అంది మనవణ్ణి చూపించి. "నాన్నా అని పిలవడానికి వాడికే నోరు రావట్లేదు. మనకెలా వస్తదండీ?"

అయినా అలవాటుపడ్డాం. మనం అలవాటుపడతామని వాళ్లకి తెలుసు. నాకు ఎక్కువ మండేది అక్కడే.

తర్వాత ఒక వేసవి. బంగినపల్లి కోతలు నడుస్తున్నాయి. చిన్నరసాలు ఇంకో వారంలో మొదలుపెట్టాలి. టీవీలో కింద ఒక పట్టీ తిరుగుతోంది. ప్రేక్షకుల కోరిక మేరకు మీ అభిమాన సీరియల్ వచ్చే సోమవారం నుంచి మధ్యాహ్నం ఒంటిగంటకి అని.

అత్తయ్య నన్ను రెండుసార్లు చదివించుకున్నారు. "ప్రేక్షకులంటే ఎవరే?" అన్నారు.

"మనమే అత్తయ్యా."

"నేను కోరలేదు. నువ్వు కోరావా?"

గుమ్మం దగ్గర్నుంచి మేస్త్రి, "నేనూ కోరలేదండీ," అంది. లేచి నిలబడి, "ఒంటిగంటకి నేను చెట్ల కింద ఉంటానండీ," అంది. ఎవరినీ నిందించినట్టు కాదు, వాన వచ్చేట్టుంది అన్నట్టుగా అంది. రేపటికి ఎంతమంది కావాలో అడిగి వెళ్లిపోయింది.

మధ్యాహ్నం ఒంటిగంటకి ఇంట్లో తీరిగ్గా కూర్చునే ఆడవాళ్లు ఎక్కడ ఉంటారని వాళ్లు అనుకున్నారో నాకు ఇప్పటికీ అర్థం కాదు. పట్నాల్లో ఉంటారేమో, అక్కడా ఉండరేమో. మామిడి కోతల్లో ఒంటిగంట అంటే ఏంటో వాళ్లకి తెలుసా? అత్తయ్య చెప్తుంటే నేను ఛానెల్‌కి ఉత్తరం రాశాను. "అయ్యా, మేం పనిచేసుకునేవాళ్లం. పగలు మాకు కుదరదు. రాత్రి ఏడున్నరకి మీరు వేసే వేరే సీరియల్లో అందరూ ఏడుస్తూనే ఉన్నారు. దాన్ని మధ్యాహ్నానికి మార్చి మాది మాకు ఇవ్వండి." చివర్లో నేను 'దయచేసి' అని చేర్చబోతే వద్దన్నారు. జవాబు రాలేదు. వస్తుందని నేను అనుకోలేదు, ఆవిడ అనుకున్నారు. పోస్టు వచ్చే వేళకి పది రోజులు వరండాలోకి వచ్చి చూశారు.

ఆ తర్వాత ఆవిడ చేసిన పని, నాకు తెలిసి, ఆవిడ జీవితంలో ఎవరినీ అడగకుండా చేసిన మొదటి పని. తోటలో కూలీల అన్నం వేళ పన్నెండు నుంచి ఒంటిగంటకి మార్చారు. ఇంట్లో మూలపడ్డ పాత చిన్న టీవీని కాయలు వేరుచేసే రేకుల షెడ్డులోకి పంపించారు. మోటారు కోసం అక్కడ కరెంటు ఉంది. ఇంటికొచ్చే కేబుల్ నుంచి మా ఆయన చేతే వైరు లాగించారు.

"అమ్మా, కాపు కొన్న షావుకారు ఊరుకోడు," అన్నారు ఆయన, వైరు చుట్ట పట్టుకుని నిలబడి.

"కాపు అమ్మాం గానీ, షెడ్డు అమ్మలేదుగా. నువ్వు లాగు."

మొదటి రోజు నాకు బాగా గుర్తుంది. పైన రేకులు కాలుతున్నాయి. షెడ్డంతా కాయల జిగురు వాసన, కిందంతా ఎండుగడ్డి. కాయలు కోసే గెడలు, చిక్కాలు బయట చెట్టుకి ఆనించి మగవాళ్లు కూడా లోపలికి వచ్చారు. ఆడవాళ్లు ప్లాస్టిక్ ట్రేలు బోర్లించుకుని వాటి మీద క్యారేజీలు విప్పుకుని కూర్చున్నారు. అత్తయ్యకి నేను ఇంట్లోంచి కుర్చీ తెస్తానంటే, "ఎందుకూ, ట్రే ఉందిగా," అని మేస్త్రి పక్కనే ఒక ట్రే బోర్లించుకుని కూర్చున్నారు. మేస్త్రి గభాలున లేవబోయింది. అత్తయ్య ఆవిడ మోచెయ్యి పట్టి కూర్చోబెట్టి, "మొదలైంది, చూడు," అన్నారు.

ఇన్నేళ్లూ మేస్త్రి గొంతులో విన్న తాతని వాళ్లు మొదటిసారి కళ్లతో చూశారు. ఒకామె నిరాశగా, "ఏంటి, ఇంత పొట్టోడా?" అంది. ఇంకొకామె, "మేస్త్రి చెప్పిందే బాగుందే," అంది. అయినా పది నిమిషాల్లో అందరూ నవ్వుతున్నారు. నోట్లో ముద్ద ఉండగా నవ్వి ఒకామెకి పొలమారితే పక్కామె నెత్తి మీద తట్టింది, కళ్లు మాత్రం టీవీ మీంచి తిప్పలేదు.

మూడో రోజు షావుకారు వచ్చాడు. బైటే నిలబడి కర్చీఫ్‌తో మెడ తుడుచుకుంటూ, "అమ్మగారూ, లారీ టైముకి అందాలండీ. కాయ ఎండలో ఉంది," అన్నాడు.

అత్తయ్య లేవలేదు. "కాయ నీడలోనే ఉందయ్యా, నేను చూసే వచ్చాను. తెల్లారినకాడ్నుంచి ఎండలో ఉన్నది వీళ్లు. ఓ అరగంట వీళ్లు నీడలో కూర్చుంటే నీ కాయ పండిపోదులే."

అతను ఆవిడతో వాదించలేదు. సాయంత్రం సొసైటీ అరుగు దగ్గర మావయ్యగారితో చెప్పాడు. ఆయన అన్నం తినేటప్పుడు ఎత్తారు ఆ మాట. కూలీలకి టీవీ ఏంటి, ఊళ్లో అందరూ నవ్వుతున్నారు, రేపు పక్క తోటవాళ్లు కూడా అడిగితే ఏం చెప్పాలి అన్నారు. అత్తయ్య ఆయన కంచంలో పప్పు వేసి, "వాళ్లనీ పెట్టమనండి," అన్నారు. మర్నాడు ఒంటిగంటకి మళ్లీ ట్రే మీద కూర్చున్నారు.

నేను చూసిందే ఇంకొకటి ఉంది. ఆ వేసవిలోనే ఒక సాయంత్రం మేస్త్రి పని మీద మా ఇంటికి వస్తే, అత్తయ్య దివాన్ మీద కూర్చున్నారు, ఆవిడ గుమ్మం పక్కన గచ్చు మీద. మధ్యాహ్నం ఒకే రకం ట్రేల మీద పక్కపక్కన కూర్చుని నవ్వినవాళ్లు. ఇద్దరికీ అది వింతగా అనిపించలేదు. నాకు అనిపించింది. అనిపించి కూడా, కిటికీలోని గ్లాసు తీసి టీ పోసి ఇచ్చాను.

సీరియల్‌లో అప్పటికి తాత మనసులో ఒక మాట పుట్టింది. ఎదురు వాటా నర్సుని పెళ్లి చేసుకుందామనా, లేక ఊరికే రోజూ కలిసి కాఫీ తాగుదామనా, అది ఆయనకే తేలలేదు. ఏదైనా సరే, అడగాలి. మూడు వారాలు అడగబోవడం, ఏదో అడ్డం రావడం. కొడుకు వచ్చేవాడు, కుక్కర్ కూత వేసేది, కరెంటు పోయేది. షెడ్డులో ఆడవాళ్లు విసుక్కునేవారు. ఆఖరికి ఒక శుక్రవారం ఆయన పాత కండక్టరు సంచి భుజాన వేసుకుని, తల దువ్వుకుని, ఎదురు వాటా తలుపు కొట్టాడు. లోపల్నుంచి చెప్పుల చప్పుడు. తలుపు గడియ కదిలింది. అక్కడ ఆపి, సోమవారం చూడండి అన్నారు.

శని, ఆది కోత ఆగలేదు గానీ, ఆ రెండు రోజులూ తోటలో అదే మాట. ఆవిడ ఒప్పుకుంటుందని ఒకరు, ఈ వయసులో చీపురు తిరగేస్తుందని ఇంకొకరు. సోమవారం పన్నెండున్నరకే షెడ్డు నిండిపోయింది. ఒంటిగంట అయింది. టీవీలో ఒకతను కూరగాయలు తరిగే మిషన్ అమ్ముతున్నాడు. మా గడియారం ముందుందేమో అనుకున్నాం. ఒంటిగంటంపావుకి కూడా అతను క్యారెట్లు తరుగుతూనే ఉన్నాడు. మంగళవారం కూడా అతనే. శుక్రవారం దాకా మేం కూర్చున్నాం. పట్టీ లేదు, క్షమాపణ లేదు, ప్రేక్షకుల కోరిక మేరకు అన్న ఆ దొంగమాట కూడా లేదు.

అత్తయ్య ఛానెల్ ఆఫీసు నంబరు వెతికించి నా ఫోన్‌లో తనే మాట్లాడారు. స్పీకర్ పెట్టాను. అటు ఒకమ్మాయి.

"మేడమ్, ఆ ప్రోగ్రామ్ స్లాట్ అయిపోయిందండీ."

"స్లాట్ అయిపోవడం ఏంటమ్మా? ఆవిడ తలుపు తియ్యాలి కదా."

"ఏ తలుపు మేడమ్?"

ఆ అమ్మాయి తప్పేం లేదు. తెలియక అడిగింది. కానీ అత్తయ్య ఆ ప్రశ్న విని నా చేతికి ఫోన్ ఇచ్చేసి లోపలికి వెళ్లిపోయారు. ఏళ్ల తరబడి మన ఇంట్లో తిరిగిన మనుషుల గురించి, వాళ్లని పంపించినవాళ్లకే తెలియకపోవడం ఆవిడకి అవమానంగా తోచింది. నాకు ఒళ్లు మండిపోయింది. కేకలేద్దామనుకున్నాను. "సరేనమ్మా," అని పెట్టేశాను.

కాయలు లారీకి ఎక్కించే చోట షావుకారు నన్ను చూసి, "అయిపోయిందాండీ మీ సినిమా? మరి అన్నం మళ్లీ పన్నెండుకి పెట్టమని చెప్పండి," అన్నాడు. అత్తయ్య వినలేదు. పంతానికి ఒంటిగంటే ఉంచుతానన్నారు. మేస్త్రి రెండు చేతులూ నలుపుకుంటూ, "అమ్మగారూ, ఒక మాటండీ. మాకు పన్నెండింటికే కడుపులో కాలుతుందండీ. సీరియల్ కోసమని ఓర్చుకున్నాం," అంది. అత్తయ్య మొహం ఎర్రబడింది. ఆకలి సంగతి ఆవిడ ఒక్కసారైనా అడగలేదు, నేనూ అడగలేదు. ఆ రోజు నుంచే పన్నెండుకి మార్చారు.

తర్వాత కొన్నేళ్లకి అదే ఛానెల్ వాళ్ల ఇంకో ఛానెల్‌లో పొద్దున్నే ఆరింటికి పాత భాగాలు వేశారు. మధ్యలోంచి మొదలుపెట్టారు, మధ్యలోనే ఆపారు. ఒకసారి కొత్త కొడుకు, వెంటనే మర్నాడు పాత కొడుకు. వరస కూడా చూసుకోలేదు. పాలు పితికే వేళ అది. ఎవరం సరిగ్గా చూడలేదు.

ఈలోగా మావయ్యగారు పోయారు. అత్తయ్యకి షుగరు వల్ల చూపు బాగా తగ్గిపోయింది. మేస్త్రి మోకాళ్లు పట్టేసి తోట పని మానేసింది. ముఠాకి ఇప్పుడు ఇంకొకరు పెద్ద. అయినా ఆవిడ మధ్యాహ్నాలు మా ఇంటికి వస్తూనే ఉంది. పోయిన ఏడాది నా ఫోన్‌లో ఒక యాప్‌లో ఆ సీరియల్ కనిపించింది. నేను పరుగున వెళ్లి అత్తయ్య చెవి దగ్గర మొదటి పాట పెట్టాను. ఆవిడ నా చెయ్యి గట్టిగా పట్టుకుని, "మేస్త్రి వచ్చిందా?" అన్నారు.

అప్పట్నుంచి వాళ్లిద్దరూ ఫోన్‌లో చూస్తున్నారు. అత్తయ్యకి బొమ్మ కనపడదు, మాటలు వినపడతాయి. మాటలు లేనిచోట ఏం జరుగుతోందో మేస్త్రి చెప్పాలి. "ఇప్పుడు గరిటె తీశాడండీ. కొడుకు చూశాడండీ. చూసి చూడనట్టు పేపరు అడ్డం పెట్టుకున్నాడండీ." మేస్త్రి గచ్చు మీద కూర్చుంటే ఆ ఫోన్ అత్తయ్య మంచానికి అందదు. ఆవిడ మంచం మీద కూర్చోవాల్సి వచ్చింది. మేం ఇన్నేళ్లలో ఆవిణ్ణి పైన కూర్చోమనలేదు, అరచేతిలో పట్టే ఆ చిన్న తెర కూర్చోబెట్టింది. మొదటి రోజే నేను ముగ్గురికీ ఒకే రకం కప్పుల్లో టీ తెచ్చాను. అత్తయ్య ఏమీ అనలేదు. కనపడక అనలేదో, కనపడినా అనేవారు కాదో నాకు తెలియదు. అడగడానికి ఇప్పటికీ ధైర్యం లేదు. అంత ఆలస్యంగా చేసిన పనికి నన్ను నేను మెచ్చుకోను.

రోజుకి రెండు భాగాల చొప్పున చూసుకుంటూ వచ్చారు. తాత నర్సుని అడగాలనుకునే దగ్గరికి వచ్చేసరికి జాబితా అయిపోయింది. ఆఖరి మూడు వారాలూ లేవు. పాత భాగాలు వేలకి వేలు పెట్టుకున్నవాళ్లకి ఆ పదిహేను భాగాలు ఏం బరువైపోయాయి? యాప్‌లో ఫిర్యాదు రాశాను. మీ అభిప్రాయం మాకు ఎంతో విలువైనది అని వెంటనే వచ్చింది, ఇంకేమీ రాలేదు. మళ్లీ రాశాను. మళ్లీ అదే వాక్యం.

"పోనీలెండి," అంది మేస్త్రి. "ఆవిడ తీసే ఉంటది. చెప్పుల చప్పుడు వినపడిందిగా."

"గడియ కదిలింది అంతే," అన్నారు అత్తయ్య. "ఎవరని కిటికీలోంచి చూసి మళ్లీ వేసుకుందేమో. ఒంటరి మనిషి."

"మీరెప్పుడూ ఇంతేనండీ."

ఆ సీరియల్ చివర్లో నిజంగా ఏం జరగాల్సిందో, అసలు తీశారో లేదో ఎక్కడైనా రాసుంటారని నేను ఫోన్‌లో వెతికాను. పేరు కొడితే ఏమీ రాలేదు. తాత, కొడుకు, మనవడు, ఒకే ఇల్లు, కామెడీ సీరియల్ అని కొట్టాను. వచ్చింది మాది కాదు. బోస్నియా అనే దేశంలోది. అక్కడా తాత, కొడుకు, మనవడు ఒకే ఫ్లాట్‌లో ఉంటారట. చాలా ఏళ్లు నడిచిందట. ఏ ఛానెల్‌లో మొదలైంది, ఎక్కడికి మారింది, ఎప్పుడు ఆగింది, మళ్లీ ఎప్పుడు వచ్చింది, ఎవరెవరు వేశారు, అన్నీ వరసగా రాసి ఉన్నాయి. ఆ దేశం మ్యాపులో ఎక్కడుందో నాకు తెలియదు. అక్కడివాళ్లెవరో కూర్చుని ఒక ఇంటి సీరియల్ చరిత్రని అంత శ్రద్ధగా రాసిపెట్టుకున్నారు. మనవాళ్లు తీసినదాని గురించి ఒక్క లైను కూడా లేదు. తీసినవాళ్లు రాయలేదు, వేసినవాళ్లు దాచలేదు, చూసినవాళ్లని ఎవరూ అడగలేదు. సీరియళ్లు చూసి ఆడవాళ్లు చెడిపోతున్నారని మాత్రం పేపర్లో ఎన్నిసార్లు చదివానో లెక్కలేదు.

అందుకని మా పెద్దమ్మాయి వాడి వదిలేసిన నోట్సు పుస్తకం ఒకటి తీసుకుని, ఆ ఇద్దరి ముందు మంచం పక్కన కుర్చీ వేసుకుని కూర్చున్నాను. ఏది ముందు, ఏది తర్వాత చెప్పండి అన్నాను. ఛానెల్ పోయింది ముందా, కొడుకు మారింది ముందా అన్నదాని మీదే అరగంట వాదించుకున్నారు. అత్తయ్య తన ఆపరేషన్ గుర్తుపెట్టుకుని లెక్క చెప్తే, మేస్త్రి తన కూతురి కానుపు గుర్తుపెట్టుకుని చెప్పింది. ఛానెల్ పోవడమే ముందని తేలింది.

రాయడం దాదాపు అయిపోయాక మేస్త్రి నా పుస్తకంలోకి తొంగిచూసి, "ఎనిమిదింటికి వచ్చింది రాశారాండీ?" అంది.

"ఎప్పుడు?"

"ఒక వానాకాలం, నెల రోజులు ఎనిమిదింటికి వేశారండీ. నేను తడుచుకుంటూ ఇంటికెళ్లేదాన్ని. మళ్లీ ఏడున్నరకి మార్చారు."

అత్తయ్య అలాంటిదేం లేదన్నారు. నాకూ గుర్తులేదు. మాకు గుర్తుండాల్సిన అవసరం లేదు, మేం ఇంట్లోనే ఉన్నాం. నేను రాశాను. ఒక వానాకాలం, నెల రోజులు, ఎనిమిదింటికి.